ఒంటిచేతి దర్శకుడు



రాత్రి భోజనములైన పిదప ఇంటిల్లిపాదియు టెలివిజను ముందు కూర్చుండి ధారావాహికను చూచుట నేడు పట్టణములందును పల్లెలందును వాడుకయైనది. కథానాయిక పేరు మన మెఱుగుదుము. ఆమెకు అత్తగారుగా నటించినామె పేరును, ఆమె కట్టిన చీరె రంగును సైతము మఱునాడు ఇరుగుపొరుగువారితో ముచ్చటించుకొందుము. కాని కథ ముగిసి తెరపై పేర్లు పరుగెత్తుచుండగా, పాలు తోడుపెట్టుట కొకరము, పడకలు సర్దుట కొకరము లేచిపోవుదుము. ఆ పరుగెత్తు పేర్లలో దర్శకుని పేరొకటి యుండును. పోయినవారము ఒకరిది, ఈవారము మఱియొకరిది. దానిని నిలిచి చదివినవారు మనలో నెందఱు?

అట్లు చదువకుండ విడిచిన పేరొకదానిని ఈ మాసము మీ యెదుట నుంచుచున్నాము. అది పరదేశపు పేరు. జర్మనుదేశీయుడగు ఆల్ఫ్రెడ్ ఫోరర్ 1914వ సంవత్సరము డిసెంబరు 29వ తేదీన స్టుట్‌గార్ట్ నగరమున జన్మించి, 1986వ సంవత్సరము ఫిబ్రవరి 3వ తేదీన మ్యూనిక్ నగరమున మరణించెను. ఆయనకంటె గొప్ప కీర్తిగాంచిన దర్శకులు ఆ దేశమున పలువురు కలరు. ఆయన కథనే మేమేల యెన్నుకొంటిమనగా, తానుగా నెన్నుకొనని పనిని, పరులు మొదలిడి పరులు ముగించు పనిని చేయుచు, దానియందును తన హస్తవాసిని నిలుపుకొనిన మనుజు డాయన. గృహకృత్యములలో మునిగియున్న మనకు అట్టివాని జీవితము దూరపుదిగా తోపదని మా నమ్మకము.

మొదట ధారావాహికలోని దర్శకుని పని యెట్టిదో చెప్పవలెను. చలనచిత్రమును తీయువాడు పెండ్లివంటకు వచ్చిన వంటబ్రాహ్మణుని వంటివాడు. పొయ్యి యెచ్చట త్రవ్వవలెనో, గుండిగ లెన్ని కావలెనో, పులుసు ముందో పప్పు ముందో అన్నియు ఆయనయే చెప్పును. ధారావాహికలో నొకభాగమును తీయువాడో ఉమ్మడికుటుంబములో వంతుకు వచ్చిన కోడలి వంటివాడు. పొయ్యి ముందే యున్నది. ఉప్పుకారముల పాళ్ళు అత్తగారు ఏనాడో నిర్ణయించినవి. మామగారికి చారు పలుచగా నుండవలెను, మఱదికి కూర వేగవలెను. నిన్న వండిన తోడికోడలి చేతిరుచికిని నేటి రుచికిని తేడా కనబడరాదు. అయినను, తినువారికి తెలియకుండనే, ఆ వంటలో ఆ కోడలి చేయి యుండును. లేకున్నయెడల అది చప్పిడి కూడగును.

జర్మనుదేశపు టెలివిజనులో ఆచార మిట్లే నడచినది. నిర్మాత యొకడు ధారావాహికను తలపెట్టును. కథారచయిత భాగములను వ్రాసియిచ్చును. ముఖ్యపాత్రలను ధరించువారు మొదటిదినముననే స్థిరపడియుందురు. దర్శకుడు పిదప వచ్చి తనవంతుకు వచ్చిన భాగమును తీసి, దానిని కూర్పించి అప్పగించి పోవును. మఱుభాగమునకు మఱియొకడు వచ్చును. కథ ఆయనది కాదు. నాయకుడు ఆయన యెన్నుకొనినవాడు కాడు. ఆ నాయకునకు కోటు ఎట్లుండవలెనో, కారు ఏదో గూడ ఆయన రాకమునుపే నిర్ణయమైయుండును. మిగిలినది గంటసేపు నడచు ఆ యొక్క భాగము మాత్రమే. అందులో చూపఱు లేచిపోకుండ కూర్చుండబెట్టుట ఆయన భారము.

ఇక ఫోరరుగారి జీవితమును చూతము. యౌవనమున ఆయన కోరిక దర్శకుడగుట కాదు. గానమును నటనమును అభ్యసించి, స్వస్థలమగు స్టుట్‌గార్ట్ నాటకశాలలో నటుడుగా చేరెను. అంతలో రెండవ ప్రపంచయుద్ధము వచ్చెను. ఆ దేశమందలి లక్షలకొలది యువకులవలె ఆయనయు సైన్యములోనికి పోవలసివచ్చెను. అచ్చట ఆయన కొక చేయి పోయెను.

నటునకు చేయి పోవుట యెంతటి దెబ్బయో ఊహింపుడు. రంగస్థలముపై మాటకంటె ముందు కదలునది చేయి. ఆశీర్వదించుటకు, కత్తి దూయుటకు, నాయికను అక్కున చేర్చుకొనుటకు, తలుపు తెఱచుటకు సైతము చేయియే కావలెను. ముప్పదియేండ్లైనను నిండని వానికి, నేర్చిన విద్య యంతయు ఒక్కదినమున నిరుపయోగమైపోయెను. అట్టి సమయమున మనుజుడు చేయునవి రెండు. జరిగినదానిని తలచుకొనుచు మూలకూర్చుండుట యొకటి. ఆ యింటిలోనే మఱియొక ద్వార మేదైన తెఱచియున్నదాయని వెదకుట రెండవది. ఫోరరు రెండవదానిని చేసెను. రంగస్థలముపై నిలువలేనివాడు దాని ప్రక్కన నిలిచి పనిచేయవచ్చునని తెలిసికొని, బెర్లిన్ నగరమందలి ప్రసిద్ధమగు ఊఫా చిత్రసంస్థలో సహాయదర్శకుడుగా పని నేర్చుకొనెను.

యుద్ధము ముగిసెను. దేశము రెండుముక్కలయ్యెను. నగరములు ఇటుకల కుప్పలయ్యెను. ఆ కాలమున పశ్చిమజర్మనీలో విదేశములనుండి వచ్చు చలనచిత్రములు వెల్లువవలె వచ్చుచుండెను. వానిని జర్మనుభాషలోనికి మార్చుట, అనగా డబ్బింగు చేయుట, పెద్దపరిశ్రమయై పోయెను. మనయింట డబ్బింగు సినిమా చూడనివారు లేరు గనుక ఆ పని మీ రెఱుగుదురు. తెరపై పెదవి కదలినంతసేపే మాట యుండవలెను. కోపపు ముఖమునకు కోపపు గొంతును, జాలిముఖమునకు జాలిగొంతును అతుకవలెను. 1950 ప్రాంతపు సంవత్సరములలో ఫోరరు ఈ పనికి దర్శకత్వము వహించుచుండెను. తాను తీయని చిత్రములకు, తాను చూడని దేశముల కథలకు, గొంతులను కుదుర్చు పని యది. చూపఱు ఆ పనిని గమనింపకున్ననే అది చక్కగా జరిగినట్లు. పిదప ధారావాహికలలో ఆయన చేసిన పనికి ఇదియే మంచిబడి యయ్యెనని మేము తలంచుచున్నాము.

తన పేరున తొలిచిత్రమును తీయుసరికి ఆయనకు నలుబదిమూడేండ్లు. అది 1958వ సంవత్సరము. మఱి మూడేండ్లకు ఆయన దశ తిరిగెను. ఎడ్గర్ వాలెస్ అను ఆంగ్లరచయిత వ్రాసిన అపరాధపరిశోధక నవలలను రియాల్టో అను సంస్థ జర్మనుభాషలో చిత్రములుగా తీయుచుండెను. 1961లో ‘లండనునందలి మృతనేత్రములు’ అను అర్థమిచ్చు పేరుగల చిత్రమును ఫోరరునకు అప్పగించిరి. నాటినుండి 1969వఱకు ఆ వరుసలో పదునాలుగు చిత్రముల నాయన తీసెను. ఆ వరుసలో అన్ని తీసినవాడు మఱియొకడు లేడు.

ఈ చిత్రముల కథలు చాలవఱకు లండనునందు నడచును. కాని చిత్రీకరణములో హెచ్చుభాగము హాంబర్గునందును బెర్లినునందును జరిగెను. హాంబర్గు రేవులోని ఇటుకగిడ్డంగులే థేమ్సునది యొడ్డయ్యెను. పొగమంచును యంత్రములతో పుట్టించిరి. ఈ దర్శకుడు భయమును గూడ కొంచెము నవ్వుతో కలిపి వడ్డించును. మృతనేత్రముల చిత్రములో నొకడు పండ్లు కడుగుకొనుచుండగా, కామెరా వాని నోటిలోపల కూర్చుండి పండ్లనడుమనుండి వెలుపలికి చూచినట్లు చూపెను. దూరమున నున్న ముఖమును ఒక్కక్షణములో కన్నులముందుకు లాగు జూమ్ కటకమన్న నాయన కెంతయో ప్రీతి. ఈ చిత్రముల ఆరంభమున తుపాకి ప్రేలినచప్పుడు వినబడి, పిదప రచయితయే టెలిఫోనులో మాటాడుచున్నట్లు ఒక గొంతు పలుకరించుచుండెడిది. వాలెస్ 1932లోనే మరణించెను. ఆ గొంతు ఫోరరుది. ఒకనాడు చేయిపోయి రంగస్థలమును వదలిన నటుడు, గొంతొక్కటితో ఇట్లు మరల ప్రవేశించెనన్నమాట.

మనదేశపు పేరును ఈ వరుసలో నొకదానికి తగిలినది. 1963లో వచ్చిన చిత్రమునకు ‘ఇండియాదేశపు రుమాలు’ అని అర్థమిచ్చు పేరు పెట్టిరి. గాలివానలో చిక్కిన యొక కోటలో, మరణించిన ప్రభువుయొక్క ఆస్తికై చేరిన బంధువులు ఆఱుదినములు కలిసియుండవలెనని మరణశాసనము. ఒక్కొక్కరే మెడకు రుమాలు బిగింపబడి చచ్చుచుందురు. అందులో మనదేశము ఆ రుమాలుమాత్రమే. మఱి వెదకవలదు.

ఇచ్చట మన స్త్రీలు తెలిసికొనదగిన మాట యొకటి కలదు. ఆ కాలమున జర్మనీలో దర్శకత్వము చాలవఱకు పురుషుల చేతిలోనే యుండెను. కాని చిత్రీకరించిన ముక్కలను కోసి అతికి కథగా కూర్చు గదిలో స్త్రీలు పలువురుండిరి. ఫోరరు చిత్రములలో పేరుమోసిన ‘డేర్ హెక్సర్’ 1964లో వచ్చెను. దానిని కూర్చినది జుట్టా హేరింగ్ అను నామె. ఆయన చిత్రములు మఱికొన్నింటిని గూడ ఆమెయే కూర్చెను. తలుపు తెఱచుటకును చూపఱు ఉలికిపడుటకును నడుమ ఎన్ని రెప్పపాటు లుండవలెనో నిర్ణయించునది ఆ కూర్పుబల్ల. చిత్రీకరణస్థలమున మఱియొక స్త్రీ కాగితముల కట్టతో కూర్చుండియుండును. జర్మనులు ఇంగ్లీషుమాటనే వాడి ఆమెను స్క్రిప్టుగర్ల్ అనుచుండిరి. ఒక గదిలో జరుగు దృశ్యములన్నిటిని, కథలో అవి ముందువైనను వెనుకవైనను, ఒకేమారు తీసివేయుట ఆ పనిలోని వాడుక. గదిలోనికి వచ్చునపుడు నాయిక చేతిసంచి కుడిచేత నున్నదా యెడమచేత నున్నదా, గ్లాసులో నీళ్ళెంతవఱ కుండినవి, కొప్పు ఊడెనా లేదా, యివన్నియు ఆమె వ్రాసియుంచకున్నయెడల కథ అతుకదు. ఇంట ఏడబ్బాలో ఏమున్నదో అడిగినతోడనే చెప్పగల యిల్లాలి జ్ఞాపకశక్తి ఎంతవిలువగలదో ఆ పనివలన తెలియుచున్నది.

వాలెస్ చిత్రములు జనులకు ప్రియములయ్యెను. విమర్శకులకు మాత్రము రుచింపలేదు. చౌకబారు భయములని కొందఱనిరి. ఫోరరు చేతనైనది ఇంతమాత్రమే యనుకొనినవారికి 1976లో వచ్చిన చిత్ర మొకటి బదులు చెప్పుచున్నది. దానినిగూర్చి కొంచెము విరివిగా చెప్పుట మా కిష్టము.

హాన్స్ ఫల్లాడా అను రచయిత తన మరణమునకు కొలదినెలలముందు, 1946లో, ఒక నవలను కొలదివారములలో వ్రాసి ముగించెను. దాని పేరునకు ‘ఎవరిచావు వారిదే’ యని చెప్పుకొనవచ్చును. బెర్లినునందు వడ్రంగిపని చేయించు మేస్త్రీ యొకడు. అతని భార్య ఆన్నా. వారి కొక్కడే కొడుకు. కొడుకు యుద్ధములో మరణించెనని జాబు వచ్చును. అంతవఱకు నోరెత్తని ఆ దంపతులు ఇంట కూర్చుండి హిట్లరు ప్రభుత్వమునకు విరుద్ధముగా పోస్టుకార్డులు వ్రాసి, పరాయి యిండ్ల మెట్లమీద విడిచివచ్చుచుందురు. తుదకు పట్టుపడుదురు. ఇది కల్పనమాత్రము కాదు. ఓటో హాంపెల్, ఎలీజె హాంపెల్ అను దంపతులు బెర్లినులో 1940 మొదలు 1942 వఱకు రెండువందలకు పైగా కార్డుల నిట్లు వ్రాసిరి. వారి విషయమున మరణించినది ఎలీజె సోదరుడు. కార్డులు దొరికినవారిలో చాలమంది భయపడి వానిని పోలీసులకే అప్పగించిరి. 1943 ఏప్రిల్ 8వ తేదీన ఆ దంపతులకు మరణశిక్ష అమలుజరిపిరి.

ఈ నవలను ఫోరరు చిత్రముగా తీసెను. ఆన్నా పాత్రను హిల్డెగార్డ్ క్నెఫ్, ఆమె భర్త పాత్రను కార్ల్ రాడాట్స్ ధరించిరి. కొడుకును పోగొట్టుకొనిన తల్లి బల్లయెదుట కూర్చుండి కలముపట్టుటకంటె ఘోరయుద్ధ మేమి కావలెను? ఇందులో పొగమంచు లేదు, రుమాలు లేదు. ఒక వంటగది, ఒక సిరాబుడ్డి, మెట్లపై అడుగులచప్పుడు. ఆ యుద్ధముననే తన చేయిని విడిచివచ్చిన మనుజుడు ఆ కథకు దర్శకుడైనాడని తెలిసిన పిదప ఆ చిత్రము మఱియొక బరువుతో కనబడును. తనను గూర్చి మాత్రము ఆయన అందులో నేమియు చెప్పుకొనలేదు. కథ ఆ దంపతులది.

ఇట్టి చిత్రమును తీసినవాడు పిదప పెద్దచిత్రములే తీయుచుండవలెనని మన మనుకొందుము. కాని కాలము మాఱినది. టెలివిజను ఇంటింటికి వచ్చి, పశ్చిమజర్మనీలో సినిమాశాలలకు పోవువారు తగ్గిరి. రెండవ టెలివిజను ప్రసారసంస్థయగు జెడ్.డి.ఎఫ్. 1963 ఏప్రిల్ 1వ తేదీనుండి పనిచేయుచుండెను. జనులు ఎచ్చట కూర్చుండిరో అచ్చటికే ఫోరరు పోయెను. అరువదవయేట పడిన మనుజుడు, పదునాలుగు చిత్రములకు పెద్దదిక్కుగా నుండినవాడు, వంతులవారీ పనికి వచ్చిచేరెను.

ఆ పని ‘డెరిక్’ అను ధారావాహిక. 1974 అక్టోబరునందు మొదలై 1998 వఱకు నడచి 281 భాగములైన కథ యది. మ్యూనిక్ నగరపు పోలీసు ఇన్‌స్పెక్టరు డెరిక్కును, అతని సహాయకుడు హారీయు హత్యల గుట్టు విప్పుచుందురు. శుక్రవారపు రాత్రి ఎనిమిదింబావుకు ఇది వచ్చుచుండెను. నూటికి మించిన దేశములకు ఎగుమతి యయ్యెను. 281 భాగములను హెర్బర్ట్ రైనెకర్ అను నొక్కరే వ్రాసిరి. దర్శకులుమాత్రము పలువురు, వంతులవారీగా తీసిరి. ఫోరరు వంతునకు ఇరువదికి మించిన భాగములు వచ్చెను.

ఇందొక విచిత్రము గమనింపుడు. రైనెకర్ ఫోరరునకు క్రొత్తవాడు కాడు. ‘డేర్ హెక్సర్’ చిత్రకథను కూర్చుటలో ఆయన చేయియు నుండెను. డెరిక్ పాత్రధారి హోర్స్ట్ టాప్పెర్ట్ కూడ క్రొత్తవాడు కాడు. 1968లోను 1969లోను ఫోరరు తీసిన రెండు వాలెస్ చిత్రములలో ఆయనయే పోలీసు ఇన్‌స్పెక్టరు. నాడు ఆ నటునకు పాత్రను చూపి నడపించిన దర్శకుడు, నేడు ఆ నటుని పేరుమీద నడచు ధారావాహికకు అతిథివలె వచ్చి పనిచేసి పోవుచుండెను. మన యిండ్లలో, తాను నేర్పిన కోడలే యింటిపెత్తనము వహించినపిదప, ఆమె చెప్పిన కూరను తరిగి యిచ్చు అత్తగారు అరుదుగా కనబడుదురు. కనబడినచోట ఆ యిల్లు చల్లగా నుండును.

డెరిక్ కథలలో మొదటివానియందు హంతకుడెవడో చూపఱకు ముందే తెలియును. ఇక దాచవలసిన రహస్య మేమున్నది? కథ మనుజుని ముఖముమీదికి వచ్చును. పోలీసు గడపలో నిలువబడి మామూలు ప్రశ్న లడుగుచుండగా, దోషి కాఫీగిన్నెను ఎట్లు పట్టుకొనెను? భార్య అతనివంక ఎప్పుడు చూచెను? ఎప్పుడు చూపు మరల్చుకొనెను? ఇట్టివి వ్రాతలో రెండుపంక్తులు. తెరపై అవియే ప్రాణము. మాటను రచయిత యిచ్చును. ఆ మాటకుముందు నిశ్శబ్ద మెంత యుండవలెనో దర్శకుడు తన భాగములో తానే తేల్చుకొనవలెను. ఆ స్వాతంత్ర్యము చూచుటకు చిన్నది. కాని చూపఱ గుండె కొట్టుకొనుట దానిమీదనే ఆధారపడియుండును.

డెరిక్కుతోపాటు ‘కలల యోడ’ యను ధారావాహికలోను ఆయన కొన్నిభాగములు తీసెను. 1981లో ప్రారంభమైన ఆ కథ ప్రయాణికుల యోడ యొక్కటి దేశదేశములు తిరుగుచుండగా అందలివారి కష్టసుఖములు విప్పుచుండును. ఆ యోడ కథలను తలపెట్టిన నిర్మాత వోల్ఫ్‌గాంగ్ రాడెమన్. ఆయనయే పిదప మఱియొక గొప్పపని తలపెట్టి, దాని తొలిభాగములను ఫోరరు చేతిలో నుంచెను. అది ‘ష్వార్ట్స్‌వాల్డ్ క్లినిక్’. ష్వార్ట్స్‌వాల్డ్ అనగా నల్లయడవి. ఆ దేశపు నైరుతిమూల నున్న కొండలతోడి అడవిసీమ యది.

ఆ యడవిలోని యొక యాసుపత్రి. బ్రింక్‌మన్ అను పెద్దవైద్యుడు ఊరికి తిరిగివచ్చును. ఆయన కొడుకును వైద్యుడే. క్రిస్టా యను నర్సు తొలుత కొడుకునకు ప్రియురాలు, పిదప తండ్రికి భార్య యగును. వారమువారము ఒక్కొక్క రోగి, ఒక్కొక్క కుటుంబపు చిక్కు. 1985 అక్టోబరు 22వ తేదీన తొలిప్రసారము జరిగెను. సుమారు ఆఱుకోట్ల జనముగల పశ్చిమజర్మనీలో రెండుకోట్లకు మించిన జనులు దీనిని చూచిరి. శనివారపు సాయంకాలమున వీధులు నిర్మానుష్యములయ్యెనని చెప్పుకొనిరి. ఆసుపత్రి వెలుపలిభాగముగా చూపిన భవనము గ్లోటర్టాల్ అను లోయలో కలదు. దానిని కన్నులార చూచుటకై జనులు బస్సులకు బస్సులుగా వచ్చిరి. లోపలి గదులు మాత్రము దూరపు హాంబర్గులో కట్టిన రంగస్థలములు. హాంబర్గునే లండనుగా చూపిన దర్శకునకు, హాంబర్గునే నల్లయడవిగా చూపుట యేమి కష్టము?

ఈ ధారావాహికను వెక్కిరించిన విమర్శకులు తక్కువవారు కారు. నిజమగు ఆసుపత్రులలో అంత తీరుబడియు అంత చిఱునవ్వును ఎచ్చట నున్నవి? వైద్యుడు ప్రతిరోగి మంచముపై కూర్చుండి కుటుంబపు కథలు వినునా? ఇది కష్టములను చక్కెరపాకములో ముంచి తినిపించుటయే యని వారి యాక్షేపణము. ఇందులో నిజము లేకపోలేదు. మన టెలివిజనులోని కొన్ని కథలను చూచినవారికి ఈ యాక్షేపణము యొక్క బరువు తెలియును. తెరపై వైద్యుని చూచి నిజమగు వైద్యుని నిందించుకొను రోగికి మేలు జరుగదు.

కాని మఱియొకప్రక్కయు కలదు. చూచినవారిలో నెందఱో వృద్ధులు, ఒంటరివారు, వారమంతయు పనిచేసి అలసిన యిల్లాండ్రు. వారికి ఒక గంటసేపు, అడిగినమాటకు బదులుచెప్పు వైద్యుడు కావలసివచ్చెను. ఆసుపత్రులలో ఆ మాట కరువగుటచేతనే తెరపై దాని కంతటి గిరాకి కలిగెను గాబోలు. ఫోరరు ఆ కోరికను వెక్కిరింపలేదు. భయపుకథకు ఇచ్చిన శ్రద్ధనే, పోస్టుకార్డులు వ్రాసిన తల్లి కథకు ఇచ్చిన శ్రద్ధనే, ఈ తీపికథకును ఇచ్చెను. వంటలో పాయసము గూడ మాడరాదు గదా.

ఆ తొలిప్రసారము జరిగి నాలుగునెలలైనను నిండకమునుపే, 1986 ఫిబ్రవరిలో, ఆయన మరణించెను. అప్పటికి ఆయనకు డెబ్బదియొక్కయేండ్లు. దేశమంతయు చూచుచుండిన ధారావాహిక ఆయనకొఱకు ఆగలేదు. హాన్స్-యూర్గెన్ టోగెల్ అను దర్శకుడు, తొలివిడతలోనే పని పంచుకొనినవాడు, మిగిలిన భారము వహించెను. 1989 వఱకు డెబ్బది భాగములు నడచెను. డెరిక్ మఱి పండ్రెండేండ్లు నడచెను. చూపఱలో చాలమందికి తీసినచేయి మాఱినదని తెలియనే తెలియదు.

ఇది విని కొందఱు సోదరీమణులు నిట్టూర్పు విడుతురేమో. జీవితమంతయు పనిచేసి తుదకు మిగిలిన దిదియా? వాని స్థానమున మఱియొకడు కూర్చుండిన జనులు గుర్తింపనైన గుర్తింపలేదా? మేము దీనిని మఱియొకవిధముగ చూచుచున్నాము. ఒకడు పోయిన వెంటనే పని కూలిపోయినయెడల, అతడు దానిని తన పేరుకొఱకు కట్టెనన్నమాట. మఱియొకని చేతికి నిబ్బరముగా నందినయెడల, దానిని చూపఱకొఱకు కట్టెనన్నమాట. ధారావాహికలో మంచిదర్శకుడు తన వెనుక వచ్చువానికి వాడుకకు సిద్ధమైన యిల్లును విడిచిపోవును.

అయినను గుర్తింపు అక్కఱలేదని మేము చెప్పుటలేదు. పనిచేసినవారి పేరు పలుకకుండుట సంఘమునకు గల చెడ్డవాడుకలలో నొకటి. స్త్రీలకు దీనిని వేరుగ వివరింప నక్కఱలేదు. ఇంట భోజనము బాగున్ననాడు వంకాయలు లేతగా నున్నవందురు. బాగుండనినాడు మాత్రమే వండినవారి పేరు వినబడును. జర్మనీలో ఫోరరు పేరు కొంత నిలిచినది. వాలెస్ చిత్రములను నేటికిని జనులు వేడుకగా చూచుచున్నారు. జుట్టా హేరింగువంటివారి పేర్లు మాత్రము ఆ వేడుకలో తక్కువగా వినబడుచున్నవి. వెదకి పలుకవలసినవారము మనమే.

కనుక సోదరీమణులారా, ఈ మాసమునకు మా మనవి చిన్నది. నేటి రాత్రి మీరు చూచు ధారావాహిక ముగిసినపుడు, పాలు తోడుపెట్టుటకు లేచుటకు ముందు, ఒక్కనిమిషము కూర్చుండుడు. దర్శకుని పేరు చదువుడు. కూర్చినవారి పేరు చదువుడు. అందు స్త్రీల పేర్లెన్ని యున్నవో లెక్కింపుడు. మీ కన్నులను చెమ్మగిల్లజేసిన ఆ నిశ్శబ్దము ఎవరి చేతిపనియో ఆలోచింపుడు. పిల్లలు ప్రక్కన నున్నయెడల వారికిని చెప్పుడు. మఱునాడు భోజనమువేళ ఆ పిల్లలు, కూర బాగున్నదని యనుటకు ముందు, ఎవరు వండిరని అడుగుట నేర్తురేమో.